ఎల్ తోపో సగంలో లేచొచ్చేశా. దీని దర్శకుడు జోడరోవ్‌స్కీని ఎక్కడి నుంచి మొదలుపెట్టాలి?

బాల్కనీ_టికెట్ · శనివారం రాత్రి 11:48
మా ఫిల్మ్ క్లబ్‌లో నిన్న 'ఎల్ తోపో' వేశారు. వెస్టర్న్ అన్నారు, సరే కౌబాయ్ సినిమానే కదా అని పాప్‌కార్న్ పట్టుకుని కూర్చున్నా. ఎడారి, గుర్రం, నల్లబట్టల హీరో, చేతిలో నల్ల గొడుగు, వెనకాల ఒంటి మీద బట్టల్లేని చిన్న పిల్లాడు. కూర్చున్న కాసేపటికే ఆ పిల్లాడి చేత వాడి బొమ్మనీ అమ్మ ఫొటోనీ ఇసుకలో పాతిపెట్టించాడు, ఎందుకంటే వాడికి ఏడేళ్లొచ్చాయట, ఇక మగాడైపోయాడట. తర్వాత ఊరంతా శవాలు, నెత్తుటి మడుగులు, చచ్చిన కుందేళ్లు. గంట చూసి లేచొచ్చేశా. బయట టీ తాగుతుంటే తెలిసింది, ఆ హీరోనే దర్శకుడు, రచన, సంగీతం, బట్టల డిజైన్ అన్నీ ఆయనవే, ఆ పిల్లాడు ఆయన సొంత కొడుకు. అప్పట్నుంచీ బుర్రలోంచి పోవట్లేదు. ఈ జోడరోవ్‌స్కీ నిజంగా గొప్పవాడా, లేక మనల్ని వెర్రివాళ్లని చేస్తున్నాడా? మళ్లీ మొదలుపెట్టాలంటే ఏ సినిమాతో?

చుంచు · శనివారం రాత్రి 11:55
సగంలో లేచొచ్చావు కాబట్టి ప్రస్తుతానికి సగం గొప్పవాడు అనుకుని పడుకో.

అర్ధరాత్రి_ఆట · ఆదివారం ఉదయం 7:15
ముందు పేరు సంగతి. స్పానిష్‌లో అది జ కాదు, హ లాగా పలుకుతారు. అలెహాంద్రో హోదొరోవ్‌స్కీ. ఇంకోటి, ఎల్ తోపో మెక్సికో సినిమానే అయినా ఆయన పుట్టుకతో మెక్సికన్ కాదు. 1929లో చిలీ ఉత్తరాన తోకోపియా అనే చిన్న రేవు ఊళ్లో, ఉక్రెయిన్ వైపు నుంచి వచ్చిన యూదు కుటుంబంలో పుట్టాడు. 1953లో పారిస్ వెళ్లాడు, 1960 ప్రాంతంలో మెక్సికో సిటీ చేరాడు. పేరు తెచ్చిన సినిమాలన్నీ మెక్సికోలో తీసినవే, అందుకే ఆ దేశపు ప్రయోగాత్మక సినిమా అనగానే మొదట ఈయన పేరే వస్తుంది. అది కొంత అన్యాయం కూడా, దాని గురించి తర్వాత రాస్తా.

మొదటి పెద్ద సినిమా 'ఫాందో ఇ లీస్'. స్నేహితుడు ఫెర్నాందో అర్రబాల్ నాటకం ఆధారం. డబ్బుల్లేక శని ఆదివారాల్లో తీసుకున్నారు. నడవలేని అమ్మాయిని బండి మీద కూర్చోబెట్టుకుని ప్రియుడు తార్ అనే ఊరిని వెతుక్కుంటూ రాళ్లలో తోసుకుపోతుంటాడు, కథ అంతే. 1968లో అకాపుల్కో ఫిలిం ఫెస్టివల్‌లో వేస్తే జనం తిరగబడ్డారు. ఆయన కారులో అడుగున దాక్కుని బయటపడాల్సొచ్చింది. తర్వాత మెక్సికోలో ఆ సినిమాని నిషేధించారు.

అసలు సంవత్సరం చూడండి. 1968 అక్టోబరు 2న మెక్సికో సిటీ త్లతెలోల్కో కూడలిలో విద్యార్థుల మీద సైన్యం కాల్పులు జరిపింది. పది రోజుల తర్వాత అదే నగరంలో ఒలింపిక్స్ ప్రారంభం. అలాంటి దేశంలో, అలాంటి ఏడాదిలో సినిమా చూసి జనానికి కోపం వచ్చిందంటే దానికి సినిమా ఒక్కటే కారణం అనుకోను.

బాల్కనీ_టికెట్ · ఆదివారం ఉదయం 8:02
అన్నా ఈ కాల్పుల సంగతి నాకు తెలీదు. ఎల్ తోపోలో ఊరంతా శవాలు ఉన్న సీను ఇప్పుడు వేరేగా అనిపిస్తోంది.

అర్ధరాత్రి_ఆట · ఆదివారం ఉదయం 8:10
'హోలీ మౌంటెన్' (1973) చూడు. అందులో సైనికులు కుర్రాళ్లని కాల్చేస్తారు, గాయాల్లోంచి పిట్టలు ఎగిరిపోతుంటాయి, పక్కన టూరిస్టులు ఫొటోలు తీసుకుంటుంటారు. ఆ కాల్పులు జరిగి ఐదేళ్లు కూడా నిండకుండానే తీసిన సీను అది.

మూకాభినయం · ఆదివారం ఉదయం 10:40
నేను విశాఖలో ముప్ఫై ఏళ్లు నాటకాలు వేసి, వేయించి, ఇప్పుడు ఇంట్లో కూర్చున్నవాణ్ణి. మీరంతా ఈయన్ని దర్శకుడిగానే చూస్తున్నారు, అక్కడే పొరపాటు. ఈయన ముందు నటుడు, అదీ నోరు తెరవని నటుడు. పారిస్‌లో ఎతియెన్ దెక్రూ దగ్గర మైమ్, అంటే మూకాభినయం, నేర్చుకున్నాడు. దెక్రూ శిక్షణ అంటే మామూలు విషయం కాదు. ముఖాన్ని పక్కనపెట్టి నడుము, వెన్ను, మెడ విడివిడిగా కదపడం నేర్పే పద్ధతి అది. ఆ తర్వాత పేరున్న మైమ్ నటుడు మార్సెల్ మార్సో బృందంలో చేరి ఊళ్లు తిరిగాడు. మార్సో కోసం అంశాలు కూడా రాశాడు. ముసుగులు చేసేవాడు ముఖానికి నవ్వు ముసుగు పెట్టుకుంటాడు, అది ఊడిరాదు, కింద ఒళ్లంతా ఏడుస్తుంటుంది, పైన ముఖం నవ్వుతూనే ఉంటుంది. ఆ అంశంలో ఈయన చెయ్యి ఉంది.

ఇప్పుడు బాబూ, నువ్వు చూసిన ఆ గంటని మళ్లీ గుర్తు తెచ్చుకో. ఎల్ తోపోలో మాటలెన్ని? ఆయన గుర్రం దిగడం, గొడుగు ముయ్యడం, తుపాకీ తియ్యడం, ఒక్కొక్కటీ విడిగా, మధ్యలో ఆగి ఆగి చేస్తాడు. సినిమా నటుడు అలా చెయ్యడు. రంగస్థలం మీద చివరి వరసలో కూర్చున్నవాడికి కూడా తెలియాలని చేసే పని అది. కొందరు దాన్ని చెక్క నటన అంటారు. నాకైతే చెక్కగా అనిపించలేదు.

మెక్సికో వెళ్లాక కూడా ముందు నాటకాలే. బెకెట్, అయొనెస్కో, స్ట్రిండ్‌బర్గ్ అందర్నీ వేశాడు. సినిమా ఆ తర్వాత.

చుంచు · ఆదివారం ఉదయం 10:52
మాస్టారూ, ఈయన మెక్సికోలో టీవీ స్టూడియోలో పియానో పగలగొట్టాడు కదా, అది కూడా మైమేనా?

మూకాభినయం · ఆదివారం ఉదయం 11:05
అది వేరే లెక్క నాయనా. 1962లో అర్రబాల్, రోలాఁ తొపోర్‌లతో కలిసి పారిస్‌లో పానిక్ ఉద్యమం అని పెట్టుకున్నారు. భయం అనే అర్థం ఒకటి, పాన్ అనే గ్రీకు దేవుడు ఇంకొకటి. సర్రియలిజం, అంటే కలల్లాంటి వింత దృశ్యాల కళ, అప్పటికి మ్యూజియంలో పెట్టిన వస్తువు అయిపోయిందని వీళ్ల గోల. 1965లో పారిస్‌లో నాలుగు గంటల ప్రదర్శన ఇచ్చాడు, వేదిక మీద బాతుల గొంతులు కోశాడు, ఒంటికి పాములు అంటించుకున్నాడు. నేను దాన్ని సమర్థించను. మా బృందంలో ఎవడైనా వేదిక మీద కోడిని కోస్తానంటే ముందు వాణ్ణి గెంటేసేవాణ్ణి.

లలిత_ప్లేనో · ఆదివారం మధ్యాహ్నం 1:30
అందరూ బాగా రాస్తున్నారు గానీ చెప్పాల్సిన ముఖ్యమైన విషయం ఎవరూ ముట్టుకోవట్లేదు. ఎల్ తోపోలో ఎడారిలో అత్యాచారం సీను ఉంది. అది నటన కాదు, నిజంగానే చేశానని ఆ సినిమా మీద 1970లలో వచ్చిన పుస్తకంలో ఈయనే గొప్పగా చెప్పుకున్నాడు. చాలా ఏళ్లకు, జనం నిలదీశాక, అది పబ్లిసిటీ కోసం అన్న మాట, షాక్ ఇవ్వడానికి అన్నాను, అలాంటిదేమీ జరగలేదు అన్నాడు. 2019 జనవరిలో న్యూయార్క్‌లో ఎల్ మ్యూజియో దెల్ బారియో అనే మ్యూజియం ఈయన మీద పెట్టాలనుకున్న ఎగ్జిబిషన్‌ని ఇందుకే రద్దు చేసింది. నిజం అయితే నేరం. అబద్ధం అయితే, ఒక నటి పేరు మీద అలాంటి అబద్ధం చెప్పి టికెట్లు అమ్ముకున్న మనిషి. రెండిట్లో ఏది ఒప్పుకున్నా నాకు ఈయన మీద గౌరవం నిలబడదు. దయచేసి 'ఆ రోజులు అలాంటివి' అనొద్దు.

సైడ్_కర్టెన్ · ఆదివారం మధ్యాహ్నం 1:48
ఆ రోజులు అలాంటివే కదండీ, ఇప్పటి కొలతలతో

లలిత_ప్లేనో · ఆదివారం మధ్యాహ్నం 1:51
అనొద్దన్నాను.

నిర్వాహకుడు · ఆదివారం మధ్యాహ్నం 2:05
లలిత గారు చెప్పిన విషయం ఈ చర్చలో ఉండాల్సిందే, ఎవరూ దాన్ని దాటవేయొద్దు. వ్యక్తిగతంగా వెళ్లకుండా కొనసాగించండి.

మూకాభినయం · ఆదివారం సాయంత్రం 4:20
అమ్మా లలితా, నువ్వన్నది నిజం. నేను పొద్దున రాసేటప్పుడు ఆ మాట రాయకుండా తప్పించుకున్నాను, ఒప్పుకుంటున్నా. మాట లేకుండా బతకడం నేర్చుకున్నవాడు ఆ తర్వాత ఇంటర్వ్యూల్లో నోటికొచ్చిందల్లా వాగాడు. ఈయన చెప్పుకున్న కథల్లో ఎంత నిజం ఎంత కోత అన్నది ఎవరూ తేల్చలేని స్థితికి ఆయనే తెచ్చాడు. అందుకే నేను ఆయన మాటల్ని వదిలేసి తెర మీద ఉన్న శరీరాన్నే చూస్తానంటాను. కానీ అలా చూడటం కూడా ఒక రకంగా తప్పించుకోవడమే, నాకు తెలుసు.

లలిత_ప్లేనో · ఆదివారం సాయంత్రం 4:41
థాంక్యూ మాస్టారూ. నేను చూడొద్దనడం లేదు. 'హోలీ మౌంటెన్' నేనూ థియేటర్లో చూశా, తెలిసి చూడమంటున్నా, అంతే.

కెమెరా_వెనక · ఆదివారం రాత్రి 9:10
అసిస్టెంట్ కెమెరామన్‌ని, షూటింగ్ లేని రోజు దొరికింది కాబట్టి పొడుగ్గా రాస్తా. ఈ చర్చలో ఒక పేరు రాకపోవడం బాధగా ఉంది. రఫాయెల్ కోర్కిదీ. 'ఫాందో ఇ లీస్', 'ఎల్ తోపో', 'హోలీ మౌంటెన్' మూడిటికీ కెమెరా ఆయనదే. ఎల్ తోపోలో ఇసుక తెల్లగా మండిపోతుంటుంది, దాని మధ్యలో ఒక్క నల్ల బొట్టు హీరో. నట్టనడి ఎండలో, నీడలు దొరకని టైములో ఫ్రేము అలా పట్టుకోవడం ఎంత కష్టమో ఎండలో లైట్‌మీటర్ పట్టుకుని నిలబడ్డవాడికే తెలుస్తుంది. ఆయన తర్వాత సొంతంగా కూడా దర్శకత్వం చేశాడు, 1972లో 'ఆంహెలెస్ ఇ కెరుబినెస్', 1977లో 'పాఫ్నూసియో సాంతో'. ఎవరికీ గుర్తులేదు.

ఇంకొకాయన హువాన్ లోపెస్ మొక్తెసూమా. రేడియోలో జాజ్ ప్రోగ్రాం నడిపినాయన, హోదొరోవ్‌స్కీ మొదటి సినిమాల నిర్మాణంలో చెయ్యి వేశాడు, తర్వాత తనే దర్శకుడయ్యాడు. 1973లో 'మాన్షన్ ఆఫ్ మ్యాడ్‌నెస్' తీశాడు. ఎడ్గార్ అలన్ పో కథ, పిచ్చాసుపత్రిని రోగులే నడుపుతుంటారు. దానికీ కెమెరా కోర్కిదీయే. ముఖ్యపాత్ర క్లౌదియో బ్రూక్. ఈయనే స్పెయిన్ దర్శకుడు బున్యుయెల్ తీసిన 'సైమన్ ఆఫ్ ది డెజర్ట్' (1965)లో స్తంభం ఎక్కి కూర్చున్న సన్యాసి, డబ్బులైపోయి 45 నిమిషాలకే ఆగిపోయిన సినిమా అది. తర్వాత లోపెస్ మొక్తెసూమా 'అలూకార్దా'లో కూడా బ్రూక్ ఉన్నాడు. ఇదంతా ఒకే గుంపు, ఒకరి సినిమాలో ఇంకొకరు.

దీనంతటికీ వెనక ఇంకో సంగతి ఉంది. మెక్సికో సినిమా కార్మికుల యూనియన్ చాలా ఏళ్లు కొత్త దర్శకులకి తలుపులు మూసేసింది. ఇండస్ట్రీ పడిపోతుంటే చివరికి వాళ్లే 1965లో ప్రయోగాత్మక సినిమాల పోటీ పెట్టారు. మొదటి బహుమతి రూబెన్ గామెస్ తీసిన 'లా ఫోర్ములా సెక్రేతా'కి వచ్చింది. నలభై నిమిషాల పైచిలుకు, కథ లేదు, అందులో వచ్చే వచనం మెక్సికో రచయిత హువాన్ రుల్ఫో రాసింది. హోదొరోవ్‌స్కీ కంటే ముందే అక్కడ నేల తడిసి ఉంది అంటున్నా.

అర్ధరాత్రి_ఆట · ఆదివారం రాత్రి 9:34
నేను తర్వాత రాస్తానన్న అన్యాయం ఇదే. నాకు పని తప్పించావు. ఆల్ఫోన్సో అరౌని కూడా కలుపు, ఎల్ తోపోలో బందిపోటుగా వేసినవాడు, తర్వాత 1992లో 'లైక్ వాటర్ ఫర్ చాకొలేట్' అనే వంటింటి ప్రేమకథకి దర్శకుడు. అదే మనిషంటే నమ్మలేం, బందిపోటు వంటింట్లోకి వచ్చాడు.

బాల్కనీ_టికెట్ · ఆదివారం రాత్రి 9:50
మరి ఇంత గొడవ ఉన్న సినిమా అమెరికాలో ఎలా ఆడింది?

అర్ధరాత్రి_ఆట · ఆదివారం రాత్రి 10:22
నా పేరు పెట్టుకున్నదే దాని మీద తమ్ముడూ. 1970 డిసెంబరులో న్యూయార్క్ ఎల్జిన్ థియేటర్‌లో బెన్ బారెన్‌హోల్ట్స్ అనే ఆయన ఎల్ తోపోని అర్ధరాత్రి ఆటగా వేయడం మొదలెట్టాడు. పోస్టర్ల హడావిడి లేదు, చూసినవాడు ఇంకొకడికి చెప్పడమే. వచ్చే ఏడాది జూన్ దాకా, ఆరు నెలలు, అలా ఆడింది. అమెరికాలో మిడ్‌నైట్ మూవీ అనే అలవాటు దీనితోనే మొదలైందంటారు. జాన్ లెనన్ చూసి పిచ్చెక్కిపోయి బీటిల్స్ మేనేజర్ అలెన్ క్లైన్‌తో హక్కులు కొనిపించాడు. క్లైన్ డబ్బుతోనే తర్వాత 'హోలీ మౌంటెన్' తయారైంది.

ఆ తర్వాత చెడింది. క్లైన్ ఒక శృంగార నవలని సినిమాగా తియ్యమన్నాడు, ఈయన తియ్యనని వెళ్లిపోయాడు. క్లైన్‌కి మండి రెండు సినిమాలనీ పెట్టెలో పెట్టి తాళం వేశాడు, దాదాపు ముప్ఫై ఏళ్లు. ఆ కాలంలో ఈ సినిమాలు చూసినవాళ్లంతా దొంగ వీహెచ్‌ఎస్ క్యాసెట్లలో, మసక బొమ్మల్లో చూసినవాళ్లే. 2004 ప్రాంతంలో రాజీ కుదిరింది, 2007లో శుభ్రం చేసిన డీవీడీలు వచ్చాయి. నటుడిగా, దర్శకుడిగా మంచి వయసులో ఉన్న మనిషికి తన సినిమాలే అందుబాటులో లేకుండా పోవడం మామూలు దెబ్బ కాదు. మధ్యలో 'డ్యూన్' అనే సైన్స్ ఫిక్షన్ నవల తీద్దామనుకున్నాడు, బొమ్మలు గీయడానికి మోబియస్, గైగర్, నటించడానికి దాలీ, ఆర్సన్ వెల్స్, అందరినీ పోగేశాడు, కొడుకు బ్రోంతిస్‌కి ఏళ్ల తరబడి యుద్ధవిద్యలు నేర్పించాడు, అది తెర మీదికే రాలేదు. ఆ కథ మీద 2013లో డాక్యుమెంటరీ వచ్చింది, దాని గురించి ఇంటర్నెట్ నిండా ఉంది, ఇక్కడ వద్దు.

బేతాళుడు_76 · సోమవారం ఉదయం 6:30
మాస్టారి పోస్టు చూసి ఒక మాట చెప్పాలనిపించింది. ఈయన మొట్టమొదటి పొట్టి సినిమా 1957లో పారిస్‌లో తీసిన 'లా క్రవాట్'. అంతా మైమే, మాటల్లేవు, తనే హీరో. తలకాయలు అమ్మే కొట్టు ఉంటుంది, అక్కడ తల మార్చుకోవచ్చు. ప్రియురాలికి నచ్చడం కోసం మనవాడు తన తలని కొట్లో వదిలేసి వేరే తల పెట్టుకుని పోతాడు, కొట్టు అమ్మాయి ఆ వదిలేసిన తలని ఇంటికి తీసుకెళ్లి ప్రేమించేస్తుంది. దీనికి ఆధారం జర్మన్ రచయిత తోమస్ మన్ రాసిన నవలిక, ఆ నవలికకి ఆధారం మన బేతాళ కథ! మొగుడి తల ఇంకొకడి మొండేనికి, వాడి తల మొగుడి మొండేనికి, ఇప్పుడు ఆమె భర్త ఎవరు అనే ప్రశ్న. తాతయ్య దగ్గర విన్న కథ పారిస్ దాకా వెళ్లి చిలీ కుర్రాడి చేతిలో పడింది. ఆ సినిమా ప్రింటు పోయిందనుకున్నారు, 2006లో జర్మనీలో ఒక అటక మీద దొరికింది.

చుంచు · సోమవారం ఉదయం 6:44
తలదే హక్కు అని విక్రమార్కుడు తేల్చేశాడు కదా. మరి మన హోదొరోవ్‌స్కీ తల ఎవరి మొండెం మీద ఉన్నట్టు, మార్సోదా, క్లైన్‌దా?

సైడ్_కర్టెన్ · సోమవారం ఉదయం 7:20
మన దేశం లింకు ఇంకోటి ఉంది. 'టస్క్' (1980) ఇండియాలోనే తీశాడు, ఏనుగు, ఇంగ్లిష్ అమ్మాయి కథ. తర్వాత తనే అది నాది కాదన్నట్టు వదిలేశాడు. ఏనుగు ప్రేమికుడిగా చెప్తున్నా, వదిలేయడమే కరెక్టు.

మూకాభినయం · సోమవారం ఉదయం 9:00
ఏనుగు అన్నావు కాబట్టి. బాల్కనీ బాబూ, నువ్వు మొదలుపెట్టాల్సింది 'సాంతా సాంగ్రే' (1989) తో. చాలాకాలం తర్వాత మెక్సికో తిరిగొచ్చి తీసిన సినిమా, నిర్మాత ఇటలీ వాడు, క్లౌదియో అర్జెంతో. సర్కస్ కథ. సర్కస్ ఏనుగు చచ్చిపోతే ఊరేగింపుగా పెద్ద శవపేటికలో తీసుకెళ్లి లోయలోకి తోసేస్తారు, కింద ఆకలితో ఉన్న జనం పేటిక పగలగొట్టి మాంసం పట్టుకుపోతారు. చిన్న పిల్లాడు పైనుంచి చూస్తుంటాడు. నేను చూసిన సినిమా శవయాత్రల్లో అంతటిది లేదు.

అసలు విషయం ఇంకోటి. కత్తులు విసిరే తండ్రి తల్లి చేతులు నరికేస్తాడు. పిల్లాడు పెద్దవాడయ్యాక తల్లి వెనక నిలబడి తన చేతులు ఆమె చేతులుగా వాడతాడు. ఆమె మాట్లాడుతుంటే చేతులు వాడివి, ఆమె పియానో వాయిస్తుంటే వేళ్లు వాడివి, ఆమె చంపమంటే చంపే చేతులూ వాడివే. చిన్నప్పటి పాత్ర ఒక కొడుకు ఆదాన్, పెద్దయ్యాక ఇంకో కొడుకు ఆక్సెల్ వేశారు. పారిస్‌లో దెక్రూ దగ్గర నేర్చుకున్న విద్య అంతా ముప్ఫై ఏళ్లకు కొడుకు చేతుల్లోకి దిగింది. ఇందులో ఆయన తెర మీదకి రాలేదు, అయినా అన్నిటికంటే ఎక్కువ ఆయన నటన కనిపించే సినిమా ఇదే.

లలిత గారూ, ఇందులోనూ రక్తం చాలా ఉంది, ముందే చెప్తున్నా.

కెమెరా_వెనక · సోమవారం ఉదయం 9:25
+1. ఆ తర్వాత 'లా దాన్సా దె లా రియాలిదాద్' (2013) చూడు. 84 ఏళ్ల వయసులో పుట్టిన ఊరు తోకోపియాకే వెళ్లి తన బాల్యం తీశాడు. ఎల్ తోపోలో బొమ్మ పాతిపెట్టిన ఆ ఏడేళ్ల బ్రోంతిస్ ఇందులో సొంత తాత వేషం వేశాడు, అంటే దర్శకుడికి తండ్రి పాత్ర. ముసలి హోదొరోవ్‌స్కీ తనే ఫ్రేములోకి వచ్చి చిన్నప్పటి తనని వెనక నుంచి పట్టుకుని నిలబడతాడు. తల్లి పాత్ర మాటలన్నీ పాటగానే పాడుతుంది.

బాల్కనీ_టికెట్ · బుధవారం రాత్రి 12:40
సాంతా సాంగ్రే చూశా. ఒక్కణ్ణే, మా గదిలో. మాస్టారూ, చేతుల సీన్లు వచ్చినప్పుడల్లా స్క్రీన్ ఆపి వెనక్కి వేసుకుని మళ్లీ చూశా. మొదట ఇది ట్రిక్కే కదా అనుకున్నా, కాసేపటికి వెనక మనిషి ఉన్నాడన్న సంగతే మర్చిపోయా, ఆ చేతులు ఆమెవే అనిపించాయి, అప్పుడు అతని ముఖం పక్కనుంచి కనబడుతుంది, అక్కడ భయమేసింది. ఏనుగు సీనుకి ఏడుపొచ్చింది, సిగ్గేం లేదు.

హోలీ మౌంటెన్ కూడా నిన్న చూశా. చివర్లో రసవాది వేషంలో ఆయన కూర్చుని, కెమెరాని వెనక్కి జరగమని చెప్తే లైట్లు, మైకులు, మనుషులు అంతా బయటపడటం, అది మాత్రం నాకు కోపం తెప్పించింది. రెండు గంటలు కొండ ఎక్కించి ఇదంతా సినిమా అంటావా. కానీ లలిత గారు చెప్పింది చదివాక ఆ కోపం ఇంకోలా కూడా అనిపించింది. ఎల్ తోపో మిగతా సగం ఇంకా చూడలేదు. చూస్తానో లేదో.

లలిత_ప్లేనో · బుధవారం రాత్రి 12:58
చూడకపోయినా ఏం కాదు తమ్ముడూ. చూస్తే మాత్రం రెండో సగం వేరే సినిమా. గుండు, గుహ, వికలాంగులు, సొరంగం. అతనక్కడ కాస్త మనిషిలా ఉంటాడు.

చుంచు · బుధవారం రాత్రి 1:03
ఈసారి పాప్‌కార్న్ ఎవరి చేతులతో తిన్నావు?

బాల్కనీ_టికెట్ · బుధవారం రాత్రి 1:05
ఈసారి కొనలేదు.